ఆర్‌ఎఫ్‌క్యూ-8తో మూడేళ్లు: ఆ రెండో వాక్యం గురించి

బెంగళూరు మారతహళ్లిలో ఒక చిన్న కౌన్సెలింగ్ గదిలో పనిచేస్తాను. నా దగ్గరికి వచ్చేవాళ్లలో సగానికి పైగా తెలుగువాళ్లే. పీజీల్లో ఉండే పిల్లలు, సాఫ్ట్‌వేర్ జంటలు, మనవల్ని చూసుకోవడానికి ఊరి నుంచి వచ్చి అపార్ట్‌మెంట్ ఎనిమిదో అంతస్తులో ఎవరితో మాట్లాడాలో తెలియక ఉండిపోయిన అమ్మలూ అత్తలూ. మూడేళ్లుగా కొత్తగా వచ్చిన ప్రతివాళ్లతో ఆర్‌ఎఫ్‌క్యూ-8 (రిఫ్లెక్టివ్ ఫంక్షనింగ్ క్వశ్చనేర్) నింపిస్తున్నాను, తన మనసునూ ఎదుటివాళ్ల మనసునూ మనిషి ఎంత అర్థం చేసుకుంటారో చూసే ఎనిమిది వాక్యాల కాగితం అది. మొదటి ఏడాది దీన్ని నేను పొగడని చోటు లేదు, ప్రింట్లు తీసి తోటి కౌన్సెలర్లకు పంచాను కూడా. ఐదు నిమిషాల్లో మనిషి మనసు తెలిసిపోతుందని వాళ్లకు నేను చెప్పిన మాట ఎక్కువైంది.

ఈ ఫారమ్ దేనికో వాడేవాళ్లకు తెలుసు కాబట్టి ఎక్కువ చెప్పను. నా మనసులో ఏముందో, ఎదుటివాళ్ల మనసులో ఏముందో ఊహించుకుంటూనే, ఆ ఊహ తప్పు కావచ్చని కూడా గుర్తుంచుకోగలగడాన్ని మెంటలైజింగ్ అంటారు కదా, దాన్ని కొలవడానికి మానసిక విశ్లేషకుడు పీటర్ ఫోనగీ వాళ్లు 1998లో పెట్టిన పద్ధతి చాలా పెద్దది. చిన్నతనం గురించి గంటసేపు ఇంటర్వ్యూ, దాన్ని మాట పొల్లుపోకుండా రాసుకోవడం, శిక్షణ ఉన్నవాళ్లు మైనస్ 1 నుంచి 9 దాకా మార్కు వేయడం. నాలాంటి వాళ్లకు అది జరిగే పని కాదు. 2016లో వచ్చిన ఈ ఎనిమిది వాక్యాల కాగితం అందుకే అంత నచ్చింది.

నా కోపమంతా మార్కులు వేసే పద్ధతి మీద, అందులోనూ రెండో వాక్యం మీద.

ప్రతి వాక్యానికీ 1 నుంచి 7 వరకు టిక్కు పెట్టాలి, అస్సలు ఒప్పుకోకపోతే 1, పూర్తిగా ఒప్పుకుంటే 7. తర్వాత ఆ జవాబుల్ని రెండు లెక్కల్లో వేస్తాం. మనసుల గురించి మరీ ఎక్కువ నమ్మకం ఉందా అనేది ఒకటి, అసలేమీ అంతుపట్టని స్థితిలో ఉన్నారా అనేది రెండోది. ఒక్కో లెక్కకు ఆరు వాక్యాలు, ఒక్కో వాక్యానికి గరిష్ఠంగా 3, మొత్తం 18. మామూలుగా మొదటి లెక్కలో ఒప్పుకోనికొద్దీ, రెండో దానిలో ఒప్పుకునేకొద్దీ మార్కు పెరుగుతుంది, మధ్యలోని 4కి సున్నా. నాలుగు వాక్యాలు రెండు లెక్కల్లోనూ వస్తాయి. వాటిలో రెండో వాక్యం ఒకటి. అంటే అక్కడ జవాబు తప్పితే ఒక వైపు పెరగకూడనిది పెరుగుతుంది, రెండో వైపు పెరగాల్సింది పెరగకుండా పోతుంది.

ఆ వాక్యం ఇంగ్లీషులో చాలా మామూలుగా ఉంటుంది. నేను చేసేది ఎందుకు చేస్తున్నానో అన్ని వేళలా నాకు తెలియదు, అని భావం. ఇంగ్లీషు చదవలేనివాళ్ల కోసం నేనే కూర్చుని తెలుగు చేశాను. "నేను చేసే పనులు ఎందుకు చేస్తానో నాకు ఎప్పుడూ తెలియదు" అని రాశాను. నాకు సరిగానే అనిపించింది, చూసిన ఇద్దరు స్నేహితులకూ సరిగానే అనిపించింది. ఏడాదిన్నర అదే కాగితం నడిచింది.

అనంతపురం వైపు నుంచి ఒక పెద్దావిడ వచ్చారు. గుర్తుపట్టకుండా వివరాలు కొన్ని మార్చాను. కొడుకూ కోడలూ ఇద్దరూ ఉద్యోగాలు, ఈవిడ మనవరాలి కోసం వచ్చి రెండేళ్లయింది, ఆర్నెల్లుగా అత్తాకోడళ్లకు మాటల్లేవు. కొడుకు బతిమాలితే వచ్చారు. చదువు తక్కువ కాబట్టి నేనే ఒక్కో వాక్యం చదివి వినిపించాను. రెండోది వినగానే నా వైపు అదోలా చూసి, "ఎప్పుడూ తెలీకుండా ఎట్లుంటాది మేడమ్, నేనేమన్నా మతి లేనిదాన్నా?" అన్నారు. నేను 1 మీద టిక్కు పెట్టాను. కోపంలో నోటికొచ్చింది అనేస్తాను, తర్వాత బాధపడతాను అనే అర్థం వచ్చే వాక్యాలకు, "నాకు కోపం వస్తే అసలు మాట్లాడను కదా" అన్నారు. అక్కడా 1. లెక్క వేస్తే మొదటి వైపు 18కి 13, రెండో వైపు 2.

ఫైల్లో నేను రాసుకున్నది ఇప్పుడు చూస్తే బాధేస్తుంది. "తన ఊహల మీద అతి నమ్మకం, సందేహానికి చోటు తక్కువ" అని రాశాను. రెండు సెషన్లు ఆవిడతో ఆ కాగితాన్ని బట్టే మాట్లాడాను. కోడలు వేరేగా అనుకుని ఉండొచ్చు కదా పెద్దమ్మా, ఇంకో కారణం ఉండొచ్చు కదా అని మాటిమాటికీ గుచ్చి గుచ్చి అడిగాను. ఆవిడ తలూపేవారు, అంతే.

మూడోసారి వచ్చినప్పుడు, నేనేమీ అడగకముందే దోసెపిండి సంగతి చెప్పారు. కోడలు దుకాణం నుంచి పిండి ప్యాకెట్ తెచ్చి ఫ్రిజ్‌లో పెట్టిందట, ఈవిడ పొద్దున్నే లేచి దాన్ని సింకులో పోసేశారట, మాటలు పోయింది ఆ రోజే. "ఎందుకు పోసినానో ఇప్పటికీ తెలీదు మేడమ్. పిండి మీద కోపమా, ఆ పిల్ల మీద కోపమా, నేను రుబ్బింది వద్దంటే నేనిక్కడ ఎందుకున్నట్టు అని భయమా, రాత్రంతా అదే అనుకుంటా పండుకున్నా. ఆ పిల్లకేమో నేను సాధిస్తా ఉండానని అనిపించి ఉంటాది. రాత్రి పదింటిదాకా ఫోన్లో మాట్లాడేటోళ్లకు రుబ్బే ఓపిక యాడుంటాది? నాకు పని తగ్గిద్దామనే తెచ్చిందేమో, అదీ తెలీదు."

ఇది విన్నాక నేను కాసేపు మాట్లాడలేకపోయాను. తన మనసులో మూడు కారణాలు వెతికి ఏదీ ఖాయం చేసుకోలేదు, ఎదుటి మనిషి వైపు నుంచి రెండు రకాలుగా ఆలోచించింది, తెలియదని ఒప్పుకుంది. ఫారమ్ కొలవాలనుకున్నది సరిగ్గా దీన్నే. నేనేమో ఆవిడకు సందేహించడం నేర్పాలని చూశాను.

ఫైలు తీసి, రెండో వాక్యాన్ని వేరేలా అడిగాను. "ఒక్కోసారి మీరు చేసిన పని ఎందుకు చేశారో మీకే తెలియదు, అవునా?" "ఎందుకు కాదు, అట్లడిగితే అవును" అన్నారు. అప్పుడు వెలిగింది. ఇంగ్లీషులో "ఎల్లప్పుడూ" పక్కన "కాదు" వస్తే "అన్నిసార్లూ కాదు" అని అర్థం. తెలుగులో "ఎప్పుడూ" పక్కన "తెలియదు" వస్తే జీవితంలో ఏ రోజూ తెలియలేదని అర్థం. మతి ఉన్న మనిషి ఎవరైనా దానికి 1 అనే చెబుతారు. ఇంకా బాధ ఏంటంటే, ఆరో వాక్యం దాదాపు ఇదే సంగతి, కాకపోతే "కొన్నిసార్లు" అని ఉంటుంది. దానికి ఆవిడ మొదటిరోజే 6 చెప్పారు. రెండో దగ్గర 1, ఆరో దగ్గర 6, ఒకే కాగితం మీద, నా కళ్లముందే. నేను మొత్తం కూడుకుని పక్కన పెట్టాను.

ఆ వారం పాత ఫైళ్లన్నీ తీశాను. తెలుగు కాగితం నింపినవాళ్లలో సగానికి పైగా ఇదే తేడా కనిపించింది, ఇంగ్లీషులో నింపినవాళ్లలో దాదాపు లేదు. వాళ్లలో ఇంకా వస్తున్న నలుగురిని కూర్చోబెట్టి మళ్లీ అడిగి, నోట్స్ మార్చాను. రావడం మానేసిన వాళ్ల సంగతి ఆలోచిస్తే ఇప్పటికీ నిద్ర పట్టదు.

ఆ తప్పు నాది, ఫారమ్ చేసినవాళ్లది కాదు. కానీ కోపం వాక్యాల సంగతి అలా కాదు. ఆ 13లో 6 మార్కులు "నేను మాట్లాడను" అన్నందుకు వచ్చినవే. కోపం వస్తే నోరు మూసుకుని వంటింట్లోకి వెళ్లిపోయే ఆడవాళ్లను నేను రోజూ చూస్తాను, వాళ్లందరికీ ఈ కాగితం మనసు మీద నమ్మకం ఉందని మార్కులు వేస్తుంది. ఎంత బాగా అనువదించినా ఇది పోదు. ఈ ఫారమ్ మీద వచ్చిన విమర్శల్లో కూడా, ఇది మనసెరగడాన్ని కాక ఆవేశాన్ని అదుపు చేసుకోలేకపోవడాన్ని కొలుస్తోందని, రెండు లెక్కలుగా కనిపించేది నిజానికి ఒకే గీతకు రెండు చివర్లని అన్నారు. చదివినప్పుడు పెద్దగా పట్టించుకోలేదు.

ఇంకో సంగతి. అన్నింటికీ 4 పెడితే రెండు లెక్కల్లోనూ సున్నా వస్తుంది. సున్నా, సున్నా అంటే తూకం సరిగ్గా ఉన్న మనిషి అని అర్థం తీసుకోవాలి. తల్లిదండ్రులు బలవంతంగా పంపిన ఇంజనీరింగ్ అబ్బాయి ఒకడు నిమిషంలో ఎనిమిది నాలుగులు గీసి ఫోన్ చూసుకుంటూ కూర్చున్నాడు.

కళ్ల ఫోటోల పరీక్ష కూడా కొన్నాళ్లు వాడాను, మనస్తత్వవేత్త సైమన్ బారన్ కోహెన్ వాళ్లు 2001లో సవరించింది, 36 జతల కళ్లు, ఆ చూపులో ఏ భావముందో ఒక్కోదానికీ నాలుగు మాటల్లోంచి ఎంచుకోవాలి. మా దగ్గర అది నడవలేదు, సగం మాటలకు తెలుగు వెతకడంతోనే సెషన్ అయిపోయేది.

మరి ఆర్‌ఎఫ్‌క్యూ-8 మానేశానా అంటే లేదు. వాక్యాలు చదువుతుంటే మనుషులు మాట్లాడటం మొదలుపెడతారు, అది మాత్రం మొదటి రోజు నుంచీ నిజం. ఏడో వాక్యం, నాకేమనిపిస్తోందో నాకు ఎప్పుడూ తెలుస్తుంది అనేది, చదివాక ఒక కుర్రాడు పావుగంట ఏడ్చాడు. ఇంగ్లీషులో సొంతంగా చదివి నింపగలిగినవాళ్లకు, ఎక్కువమంది సగటును చూడాల్సిన పరిశోధకులకు ఇది పనికొస్తుందేమో, నాకైతే ఎదురుగా ఒక్క మనిషే ఉంటారు, పైగా ఎక్కువసార్లు నేనే చదివి వినిపించాలి. ఆ పరిస్థితిలో మార్కు మీద ఆధారపడను. మీ దగ్గర సమయం, శిక్షణ ఉంటే ఆ పాత ఇంటర్వ్యూ పద్ధతే మేలనిపిస్తుంది, నాకా వీలు లేదు.

ఇప్పుడు నా తెలుగు కాగితంలో రెండో వాక్యం "ఒక్కోసారి" అని మార్చాను. అలా మార్చాక ఆరో వాక్యానికీ దీనికీ తేడా దాదాపు లేదు, బయట అచ్చయిన మార్కులతో పోల్చడానికీ లేదు, అది తెలిసే మార్చాను. నాలుగో వాక్యం పక్కన పెన్సిల్‌తో "కోపం వస్తే మాట్లాడతారా, మాట్లాడరా?" అని రాసుకున్నాను. జవాబు అక్కడే రాసుకుంటాను, కూడికలో కలపను.