కార్ల్ జోన్స్ బతికించిన పక్షుల కోసం మారిషస్

మారిషస్ ప్యాకేజీలన్నీ గ్రాండ్ బే, ఫ్లిక్ ఆన్ ఫ్లాక్ బీచ్‌ల చుట్టూనే తిప్పుతాయి. మేం మాత్రం ఆగ్నేయం వైపు, ఎయిర్‌పోర్టుకి దగ్గర్లో ఉన్న మహెబూర్‌లో దిగాం. కారణం కార్ల్ జోన్స్ అనే జీవశాస్త్రవేత్త. 1974 నాటికి మారిషస్ కెస్ట్రెల్ అనే చిన్న డేగలు ఈ ద్వీపం అడవుల్లో నాలుగంటే నాలుగే మిగిలాయి. అడవులు నరికేశారు, మలేరియా దోమల కోసం డీడీటీ కొట్టారు, మిగిలిన గుడ్లని కోతులూ ముంగిసలూ తినేశాయి. 1979లో వేల్స్ నుంచి వచ్చిన జోన్స్‌ని పంపిందే ఆ డేగల్ని కాపాడే ప్రాజెక్టు మూసేసి రమ్మని. ఆయన మూయలేదు. గూళ్లలోంచి గుడ్లు తీసుకెళ్లి ఇన్‌క్యుబేటర్‌లో పొదిగించారు, గుడ్లు పోతే తల్లి మళ్లీ పెడుతుంది కాబట్టి అడవిలోనూ పిల్లలు పెరిగాయి. ఇప్పుడు ఆ డేగలు వందల్లో ఉన్నాయి. ఇంత మొండి మనిషి పనిచేసిన చోటు చూడకుండా బీచ్‌లో పడుకుని రావడం నాకు మనసొప్పలేదు.

అన్నిటికన్నా బాగా నచ్చింది ఈల్ ఓ ఎగ్రెత్. తీరం నుంచి పడవలో కొద్ది నిమిషాల దూరం, 26 హెక్టార్ల పగడపు రాతి దీవి. గైడ్ లేకుండా వెళ్లనివ్వరు, అది మంచిదే, ఎందుకంటే ఆమె చూపించకపోతే కొమ్మ మీద గులాబీ పావురం ఉన్నా మాకు కనపడేది కాదు. 1990 ప్రాంతంలో అవి అడవిలో పది దాకా మాత్రమే మిగిలాయట. దీవిలో ఎబొనీ చెట్లు ఉన్నాయి, మన బీడీ ఆకు తునికికి దగ్గర చుట్టాలు. వాటి పళ్లు తిని గింజలు చల్లే తాబేళ్లు మారిషస్‌లో ఎప్పుడో అంతరించాయి, అందుకే అల్డాబ్రా దీవి (సీషెల్స్) నుంచి వచ్చిన జాతి పెద్ద తాబేళ్లని ఆ పనికి పెట్టారు, అవి దారికడ్డంగా తాపీగా నడుస్తుంటాయి. 2020లో వకాషియో ఓడ చమురు ఒలికింది ఈ దగ్గర్లోనే, గైడ్ ఆ సంగతి చెప్తున్నప్పుడు గొంతు మారిపోయింది.

ఫెర్నీ లోయలో డేగ కోసం చాలాసేపు నిలబడ్డాం, చివరికి ఒకటి వచ్చి తలపైనుంచి దూసుకుపోయింది. నడక బాగుంది, కానీ జారుతుంది, మంచి బూట్లు కావాలి. బ్లాక్ రివర్ గోర్జెస్ నేషనల్ పార్క్‌లో వ్యూపాయింట్లు అద్భుతం, పక్షుల కోసమైతే తెలిసిన మనిషిని వెంటపెట్టుకుని వెళ్లండి.

బస: మహెబూర్‌లో చిన్న గెస్ట్‌హౌస్. ఏసీ శబ్దం చేసింది, వేడినీళ్లు ఆలస్యం, అయినా మళ్లీ అక్కడే దిగుతాను. అక్కడి పెద్దావిడ తెలుగు సంతతి, తెలుగు మాట్లాడటం రాదు గానీ రామభజన పాటలు పాడారు. ఉగాది అక్కడ ప్రభుత్వ సెలవు తెలుసా! సోమవారం సంతలో వేడివేడి ధోల్ పూరీ (పప్పు కూరిన మెత్తటి రొట్టె), గాతో పిమాఁ (మన మసాలా వడే) తప్పక తినండి, శాకాహారులకి టెన్షన్ లేదు.

టాక్సీతో మాత్రం జాగ్రత్త. ఒక డ్రైవర్ ముందు ఒక రేటు చెప్పి దిగేటప్పుడు ఇంకోటి అడిగాడు, పైగా మేం అడగని షాపుల దగ్గర ఆపాడు. పొద్దున్నే వెళ్లేట్లయితే బస్సు చాలు, నెమ్మదే గానీ ఊళ్లు కనిపిస్తాయి.

ఒక్కరోజే ఉంటే మిగతావి వదిలేసి ఈల్ ఓ ఎగ్రెత్ దీవికే వెళ్లండి, స్లాట్ ముందే బుక్ చేసుకోండి. టికెట్ డబ్బు ఆ పక్షుల సంరక్షణకే వెళ్తుంది.