వింటేజ్ స్టోరీలో సేద్యం: మడిలో మూడు అంకెలు, ముందు చలికాలం

బ్లాకులతో కట్టిన ప్రపంచంలో బతుకు వెళ్లదీసే కంప్యూటర్ ఆట వింటేజ్ స్టోరీ. దాని పేరు చెప్పగానే అందరూ రాయి చెక్కడం, రాగి కరిగించడం గురించే చెబుతారు. నన్ను ఇన్నాళ్లు ఈ ఆటకు కట్టిపడేసింది మాత్రం మడిలో కనిపించే మూడు అంకెలు. దున్నిన బ్లాక్ వైపు చూస్తే చాలు, నత్రజని ఇంత, భాస్వరం ఇంత, పొటాష్ ఇంత అని శాతాల్లో చూపిస్తుంది. నేలలో పదును ఎంతుందో, ఏ పోషకాన్ని తినే పైరు ఏ వేగంతో ఎదుగుతుందో కూడా అక్కడే ఉంటుంది. ఎరువు బస్తా మీద అంకెలు చూసిన అలవాటున్న ఇళ్లవాళ్లకు ఇది విడమరచి చెప్పక్కర్లేదు.

ముందు విత్తనాల సంగతి. అడవి పైర్లు అక్కడి వాతావరణాన్ని బట్టి గుంపులుగా ఉంటాయి. దట్టమైన చెట్ల మధ్య వెతకడం కాలయాపనే. గడ్డి మైదానంలో కాస్త మెరక మీద నిలబడి చుట్టూ చూడాలి. పూతకొచ్చిన అవిసె నీలంగా ఉంటుంది కాబట్టి దూరం నుంచే పట్టిస్తుంది. పండిన మొక్క కోస్తే విత్తనాలు ఎక్కువ వస్తాయి, లేతది కోస్తే ఒకటైనా వస్తుందన్న నమ్మకం లేదు. పాడుబడిన కట్టడాల్లో పగిలిన కుండలు కనిపిస్తే వదలొద్దు, వాటిలోనూ విత్తనాలు దొరుకుతాయి. వ్యవసాయ వర్తకుడు తగిలితే ఈ ఆటలో డబ్బుగా చెల్లే తుప్పు పట్టిన గేర్లు ఇచ్చి కొనుక్కోవచ్చు. గుద్దలి కోసం రాగి దాకా ఆగక్కర్లేదు, చెకుముకి రాయితోనే తయారవుతుంది.

ఏది దొరికితే అది సంచిలో వేసుకోవడం కాకుండా, మూడు పోషకాలకు తలా ఒక పైరైనా చేతిలో ఉండేట్టు చూసుకోవాలి. టర్నిప్, స్పెల్ట్ గోధుమ నత్రజనిని తింటాయి. ఉల్లి భాస్వరాన్ని తింటుంది. అవిసె, క్యారెట్, పార్స్‌నిప్ అనే దుంప మూడూ పొటాష్ మీదే పడతాయి. మనకు బాగా పనికొచ్చేవి ఇలా ఒకే పోషకం మీద ఎగబడటమే ఈ ఆటలో సేద్యానికి అసలు చిక్కు.

నేల రకాలు: తక్కువ సత్తువది 25 శాతం, మధ్యరకం 50, మంచిది 65, టెర్రా ప్రెటా అనే నల్లమట్టి 80. పైరుకు కావాల్సిన పోషకం 75 దాటి ఉంటే వేగం 110 శాతం, 50 దాటితే 100, 35 దాటితే 90. అక్కడి నుంచి దిగుడు నిటారుగా ఉంటుంది. 35 లోపు 60, 20 లోపు 30, 5 లోపు 10 శాతమే. కొత్తవాళ్లు ఎక్కువగా పొరబడేది ఇంకోటుంది. సత్తువ తగ్గితే దిగుబడి తగ్గదు. అదే గింజ, అదే పీచు వస్తాయి, కాకపోతే ఆలస్యంగా వస్తాయి. ఆలస్యమే కదా అని తేలిగ్గా తీసుకుంటే ఏమవుతుందో కింద చెబుతాను.

నీళ్ల లెక్క సులువు. నీటికి ఆనుకున్న వరుసలో పదును 75 శాతానికి తగ్గదు, రెండో వరుసలో 50, మూడో వరుసలో 25. ఆపైన వాన పడితేనే. మూడో వరుసలో పైరు సగానికి కాస్త ఎక్కువ వేగంతో నడుస్తుందంతే. అందుకని కాలువకు అటూ ఇటూ రెండేసి వరుసలు వేసి, మూడోది నీళ్ల డబ్బాతో తడిపే ఓపిక ఉంటేనే దున్నడం మంచిది.

ఇక దెబ్బతినే చోటు. ఆట మే 1న మొదలవుతుంది. నెలకు 9 రోజులు, ఏడాదికి 108. విత్తనాలు కూడగట్టి, మధ్యరకం నేల దున్ని మొదటి అవిసె వేసేసరికి మే దాదాపు అయిపోతుంది. మొదటి పంట బాగానే వస్తుంది. అవిసె పీచు నాలుగైతే ఒక దారం. గుడ్డకు, గాలిమర తెరచాపలకు ఆ దారమే కావాలి కాబట్టి ఎంతున్నా చాలదు. కోసిన మడిలోనే మళ్లీ అవిసె వేయాలని చేయి లాగుతుంది.

అవిసెకు 9 దశలు. ఒక్కో దశ దాటినప్పుడల్లా పొటాష్‌లో ఒక ముక్క తెగుతుంది. మొదటి పంట 50తో మొదలైంది కాబట్టి చాలాకాలం 90, 60 శాతం వేగాల్లో నడిచి గట్టెక్కింది. రెండోది అడుగంటిన నేలలో మొదలవుతుంది. దాంతో పొటాష్ 20 కిందికి జారి వేగం 30 శాతానికి పడుతుంది. పైకి పైరు పచ్చగా, ఆరోగ్యంగానే ఉంటుంది. ఏ హెచ్చరికా రాదు. అలా సెప్టెంబరు దాటి, అక్టోబరు రాత్రుల్లో చలి ఆ పైరు తట్టుకునే హద్దు కిందికి దిగుతుంది. ఒక్కసారి దిగినా మొక్కకు చలి దెబ్బ తగిలినట్టు నమోదైపోతుంది, దిగుబడికి కోత పడుతుంది. చలి అలాగే కొనసాగితే మొక్క నిలువునా ఎండిపోతుంది. పండిన పైరుకూ చలి దెబ్బ తప్పదు, కాబట్టి అక్టోబరులో పండినదాన్ని మడిలో ఉంచి ఊరు తిరగకూడదు. మనం దూరంగా ఉన్నా, తిరిగొచ్చాక ఆ మడి గడిచిన గంటలన్నీ లెక్కగట్టుకుంటుంది. ఎదుగుదలా అందులోనే, చలి దెబ్బా అందులోనే.

దీనికి మందు పంట మార్పిడే. కోయగానే అంకె చూడాలి. పొటాష్ 35 లోపుంటే ఆ మడిలో అవిసె, క్యారెట్ ఊసెత్తొద్దు. టర్నిప్ వేయాలి. దానికి 5 దశలే, త్వరగా వస్తుంది, పైగా తినేది నత్రజని. ఆలోగా పొటాష్ మెల్లగా పుంజుకుంటుంది. టర్నిప్ తరువాత ఉల్లి, ఆ తరువాతే మళ్లీ అవిసె. పొలాన్ని నాలుగు పట్టీలుగా చేసి ఒకటి బీడు పెడితే ఇంకా మేలు, ఖాళీ నేల త్వరగా కోలుకుంటుంది. ఏ పైరు ఎంత చలి తట్టుకుంటుందో హెచ్ నొక్కితే తెరుచుకునే హ్యాండ్‌బుక్‌లో ఉంటుంది. ఆగస్టు తరువాత ఏది వేయాలన్నా ముందు అది చూడటం అవసరం.

గ్రీన్‌హౌస్ కడితే సరిపోతుంది కదా అంటారు. సరిపోతుంది గానీ సగమే. గది నలువైపులా మూసి ఉండి, కప్పులో గాజు భాగం మామూలు కప్పుకంటే ఎక్కువుంటే లోపల 5 డిగ్రీలు కలుస్తాయి. ఎక్కడో ఒక్క బ్లాక్ సందు మిగిలినా, గది మరీ పెద్దదైనా అది గదిగా లెక్కకు రాదు. ఆ 5 డిగ్రీలు తగిలాయో లేదో మడి వైపు చూస్తే తెలుస్తుంది, నమ్మకం మీద వదిలేయొద్దు. కప్పు వేశాక వాన లోపల పడదు కాబట్టి కాలువను లోపలికి తేవాల్సిందే. వసంతంలో ఒక పంట ముందుగా, శరదృతువులో ఒక పంట వెనకగా తీసుకోవడానికి ఇది అక్కరకొస్తుంది. నడి చలికాలంలో బయట సున్నాకు బాగా దిగువన ఉంటే 5 డిగ్రీలు ఏ మూలకు?

మూడు అంకెలను మొదట్లో అంత పొగిడాను గానీ, ఆ మజా ఆటంతా ఉండదు. గుహ గోడల మీద సురేకారం దొరికి నత్రజనికి, ఎముకల పొడి భాస్వరానికి, పొటాష్ ఎరువు పొటాష్‌కి అందుబాటులోకి వచ్చాక లెక్క సడలిపోతుంది. కుళ్లిన తిండి 64 ముక్కలు ఒక పీపాలో వేసి మూత బిగిస్తే 20 రోజులకు కంపోస్టు సిద్ధం. నల్లమట్టి పరిచాక ఆ అంకెల వైపు చూసే పనే తగ్గిపోతుంది. అసలు రుచి మొదటి రెండేళ్లది. కంచె లేకపోతే ఆ రెండేళ్లలో కుందేళ్లు తినే వాటా కూడా లెక్కలోంచి తీసేసుకోవాలి.

కూరగాయలు పండించి తింటే ఆటలో మన ఆరోగ్యం పెరుగుతుందన్నది నిజమే. పండ్లు, కూరగాయలు, ధాన్యం, మాంసకృత్తులు, పాలు అని అయిదు వర్గాలు, ఒక్కోటి నిండితే గరిష్ఠ ఆరోగ్యానికి 2.5 పాయింట్లు కలుస్తాయి. అయితే కోసినది దాచడానికి లోపల ఏ వైపూ 7 బ్లాకులు దాటని నేలమాళిగ, మట్టి కుండలు లేకుండా పెద్ద పొలం వేస్తే పండించినదంతా పైన చెప్పిన పీపాలోకే పోతుంది.

ఒంటరిగా, సాయంత్రాలు కాస్త సేపు ఆడేవాళ్లకు ఇది నచ్చుతుందనే అనుకుంటాను, ఎందుకంటే ఒక ఆట రోజు సుమారు 48 నిమిషాలే, పొలం పని అందులో ఇముడుతుంది. నలుగురు కలిసి ఆడేచోట ఒకరే రైతుగా మిగిలిపోయే అవకాశం ఎక్కువ, వాళ్లకు విసుగు రావచ్చు. చలికాలం ముంచుకొస్తోందని కొందరు ప్రపంచం సెట్టింగ్స్‌లో నెలకు రోజులు పెంచుతారు. పైరు కాలం కూడా నెలతోపాటే సాగుతుంది కాబట్టి మంచు ముందు అదనపు పంటేమీ దక్కదు. ఆకలి మాత్రం రోజు లెక్కనే వేస్తుంది, అంటే చలికాలానికి దాచాల్సిన ధాన్యం పెరుగుతుంది. నెలకు 9 రోజులే ఉంచి మొదటి ఏడాది అవిసె ఒక్క పట్టీకి పరిమితం చేయడం నాకైతే కుదిరింది.