హిమాలయాల్లో ఊళ్ల మీదుగా చిన్న ట్రెక్: హర్ కీ దూనా, షామ్ వ్యాలీనా, ఘాంద్రుకా, బిన్సరా?

ఎవరెస్ట్ బేస్ క్యాంపులూ గట్రా మావల్ల కాదు, వారం లీవుంది, మంచులో పాకే పని లేకుండా, గైడ్‌తో, ప్రశాంతంగా ఊళ్లు చూస్తూ నడవాలి, ఎక్కడికెళ్లమంటారు? ఈ ప్రశ్న ఆఫీసులో అడుగుతున్నారు, అపార్ట్‌మెంట్ వాట్సాప్ గ్రూపులో అడుగుతున్నారు, ఆఖరికి పెళ్లి భోజనాల దగ్గర కూడా అడుగుతున్నారు. విడివిడిగా చెప్పీ చెప్పీ విసుగొచ్చి ఒకేసారి రాసేస్తున్నా. షూస్, రెయిన్ జాకెట్, నెల ముందు నుంచి మెట్లెక్కడం ఇవన్నీ మీకు తెలిసినవే, వాటి జోలికి పోవట్లేదు.

అందరూ ఎత్తెంత, వ్యూ బాగుంటుందా, ఖర్చెంత అంటారు గానీ నా లెక్కలో అసలు అడగాల్సింది ఒక్కటే, రాత్రి ఎక్కడ పడుకుంటాం అని. పగటిపూట ఊళ్లోంచి నడిచెళ్లిపోతే ఆ ఊరు మన ఫొటోలో బ్యాక్‌గ్రౌండ్ తప్ప ఇంకేం కాదు. పగలు జనమంతా పొలాల మీదో పశువుల వెంటో పోయి ఉంటారు, సగం ఇళ్లకి తాళాలు, ఎండలో కూర్చున్న ముసలాళ్లూ పిల్లలూ తప్ప ఎవరూ కనపడరు. ఊరు ఊరిలా ఉండేది సాయంత్రం పశువులు ఇంటికొచ్చి పొయ్యి వెలిగాకే. సరిగ్గా ఆ టైముకి మనం ఊరవతల టెంట్లలో మన బ్యాచ్ వాళ్లతోనే అంత్యాక్షరి ఆడుకుంటూ కూర్చునేటట్టయితే అంత దూరం పోవడం ఎందుకు, వికారాబాద్ అనంతగిరి చాలు కదా.

ముందు హర్ కీ దూన్ చెప్తా, మనవాళ్లు ఎక్కువగా దీని పేరే ఎత్తుతారు కాబట్టి. ఉత్తరాఖండ్, ఉత్తరకాశీ జిల్లా. డెహ్రాడూన్ నుంచి పురోలా, మోరీ, నేత్వార్ మీదుగా సాంక్రీ దాకా రెండొందల కిలోమీటర్ల దగ్గర దగ్గర ఉంటుంది, అంతా కొండ రోడ్డు, ఒక పగలు మొత్తం పోయినట్టే, తిరిగొచ్చేటప్పుడు ఇంకో పగలు. కానీ ఎత్తు నెమ్మదిగా పెరుగుతుంది, సాంక్రీ రెండు వేల మీటర్లకి కాస్త అటూ ఇటూ, చివర్లో హర్ కీ దూన్ మైదానం 3,500 పైన, కాబట్టి ఒంటికి అలవాటు పడే టైము దొరుకుతుంది. దారి పొడుగునా నది పక్కనే ఉంటుంది, గంగాడ్, ఓస్లా ఊళ్లు చూస్తే అబ్బా అనిపిస్తుంది, దేవదారు చెక్కతో కట్టిన పాత ఇళ్లు, కింద పశువులు, పైన మనుషులు, గుమ్మాల మీద చెక్కడం పని. ఓస్లాలో సోమేశ్వరుడి గుడి ఉంది, బయటివాళ్లంతా దాన్ని దుర్యోధనుడి గుడి అని చెప్పుకుంటారు, ఊళ్లోవాళ్లని అడిగితే మాది సోమేశ్వరుడే అంటారు. ఎదురుగా కనపడే స్వర్గారోహిణి, 6,252 మీటర్లు, పాండవులు స్వర్గానికి అటునుంచే వెళ్లారని కథ. భారతం విని పెరిగిన మనలాంటోళ్లకి ఆ లోయలో నడుస్తుంటే అదో రకం సరదా, అది ఒప్పుకోవాల్సిందే.

మరి చిక్కెక్కడ అంటే, ఆన్‌లైన్‌లో మామూలుగా బుక్ చేసేది పెద్ద బ్యాచ్‌తో వెళ్లే ప్యాకేజీ. పది పదిహేను మంది, ఒక్కోసారి ఇరవై దాటతారు, టెంట్లు ఊరికి దూరంగా వేస్తారు, కుక్ మనతోనే వస్తాడు, ఓస్లా ఊళ్లోకి మాత్రం ఓ అరగంట టూర్ లాగా తీసుకెళ్లి తీసుకొచ్చేస్తారు. నడకపరంగా లోటేం ఉండదు, సేఫ్టీ కూడా బాగానే చూస్తారు, కొత్తవాళ్లకి తోడు దొరుకుతుంది, ఒంటరిగా వచ్చే అమ్మాయిలకి అదో ధైర్యం. కానీ అది కొండల ట్రెక్, ఊళ్ల ట్రెక్ కాదు. అదే లోయలో సాంక్రీలో దిగి అక్కడి కుర్రాణ్నే గైడ్‌గా పెట్టుకుని గంగాడ్‌లోనో ఓస్లాలోనో ఇంట్లో ఉన్నారనుకోండి, పురోలా వైపు పండే ఎర్ర బియ్యం అన్నం, రాజ్మా, రాగి రొట్టె, పొయ్యి పక్కన కూర్చుని వాళ్ల చుట్టరికాల కబుర్లు, ఇది పూర్తిగా వేరే ట్రిప్పు. దారి అదే, కొండ అదే. కాబట్టి హర్ కీ దూన్ బాగుంటుందా అని నన్నడిగితే, ఏ హర్ కీ దూన్ అని ఎదురు అడుగుతా.

ఇక షామ్ వ్యాలీ. లదాఖ్‌లో లేహ్ నుంచి పడమటి వైపు, సింధు నదికి ఉత్తరాన. లికిర్‌లో మొదలుపెట్టి యాంగ్‌తాంగ్, హెమిస్ షుక్‌పాచన్, తెమిస్‌గామ్ దాకా మూడు రోజుల నడక, రోజుకి మూడు నుంచి ఐదు గంటలు, మధ్యలో చిన్న చిన్న కనుమలు, ఏదీ నాలుగు వేల మీటర్లు దాటదు. అక్కడి గైడ్లు దీన్ని బేబీ ట్రెక్ అంటారు. ఆ పేరు విని తేలిగ్గా తీసుకోకండి, ఎందుకంటే మొదలే ఎత్తు మీద. లేహ్ 3,500 మీటర్లు, విజయవాడ నుంచో వైజాగ్ నుంచో బయల్దేరి ఒక్క రోజులో విమానంలో అక్కడ దిగితే ఒళ్లు ఊరుకోదు. మొదటి రెండు రోజులు లేహ్‌లో నీళ్లు తాగుతూ ఊరికే పడుండాలి, షాపింగ్ కూడా మూడో రోజుకి పెట్టుకోండి. మారథాన్ పరిగెత్తేవాళ్లకైనా తలనొప్పి రావొచ్చు, ఫిట్‌నెస్‌కీ దానికీ సంబంధం లేదు. తలనొప్పి తగ్గకుండా వాంతులు, తూలడం మొదలైతే కిందకి దిగడమే మందు. ఎత్తు పడకపోవడానికి వాడే డయామాక్స్ మాత్ర మాత్రం డాక్టర్ని అడిగే వేసుకోండి, పక్కింటాయన చెప్పాడని కాదు.

ఇంకో మైనస్సు, ఇప్పుడు ఈ ఊళ్లన్నింటికీ జీపు రోడ్డు ఉంది, కాలిబాట కొన్నిచోట్ల రోడ్డుని దాటుతూ పోతుంది, కష్టపడి కనుమ ఎక్కి దిగేసరికి పక్కనుంచి బొలేరో ఒకటి దుమ్ము లేపుకుంటూ పోతే ఉసూరుమనిపిస్తుంది. ఊరికీ ఊరికీ మధ్య చెట్టన్నది ఉండదు, ఎండ మాడుస్తుంది, నీళ్లు మోసుకోవాలి.

అయినా నా ఓటు దీనికే. ఎందుకంటే ఇక్కడ టెంట్ అన్న మాటే ఉండక్కర్లేదు, ప్రతి రాత్రీ ఒక ఇంట్లో, అదీ వంటింట్లో. లదాఖీ ఇంట్లో వంటిల్లే పెద్ద గది, మధ్యలో పొయ్యి, గోడంతా అరల్లో వరుసగా తోమి పెట్టిన రాగి ఇత్తడి గిన్నెలు, కిటికీ వెంబడి నేల మీద తివాచీలు, ముందు చిన్న చెక్క బల్లలు. మనల్ని అక్కడ కూర్చోబెట్టి వెన్న టీ పోస్తారు, ఉప్పగా ఉంటుంది, ఒక గుక్క తాగి కప్పు కింద పెట్టగానే మళ్లీ నింపుతారు, ఇంక వద్దనుకుంటే నిండు కప్పు అలా వదిలేసి లేచేటప్పుడు తాగేయడమే దారి. ఇంటావిడ స్క్యూ చేస్తుంటే చూడండి, గోధుమపిండి ముద్దలోంచి చిన్న చిన్న ముక్కలు తుంచి, ఒక్కోదాన్నీ బొటనవేలితో నొక్కి గుంట చేసి, ముల్లంగీ బంగాళాదుంపా ఉడుకుతున్న గిన్నెలో వేస్తుంది. మనవాళ్లెవరైనా నేనూ చేస్తా అని చెయ్యి పెడితే కాసేపటికి మొత్తం ఇల్లు నవ్వులే. కారం ఉండదు కాబట్టి కందిపొడి పొట్లం జేబులో పెట్టుకెళ్లండి, వాళ్లకీ కాస్త పెట్టండి, దాని మీద అరగంట ముచ్చట నడుస్తుంది.

బాత్రూం గురించి అందరూ మొహమాటపడతారు, నేనే చెప్తా. నీళ్లు లేని టాయ్‌లెట్, పై అంతస్తులో నేలకి కన్నం, పక్కన మట్టి కుప్ప, పార. పనయ్యాక రెండు పారల మట్టి వేయాలి, అంతే. కింద పోగైంది ఎరువుగా పొలానికి పోతుంది. మొదటి రోజు వింతగా ఉంటుంది గానీ వాసన మన బస్టాండ్ టాయ్‌లెట్లలో వెయ్యో వంతు కూడా రాదు.

గైడ్ ఎందుకు, దారి తెలుస్తూనే ఉంటుంది కదా అని అడుగుతారు కొందరు. నిజమే, ఇక్కడ గైడ్ దారికంటే మాటకి ఎక్కువ అవసరం. ఇంట్లో పెద్దవాళ్లకి హిందీ అంతంతమాత్రం, గైడ్ మధ్యలో కూర్చుని అటు ఇటూ చెప్తుంటేనే కాలువ నీళ్లు ఇవాళ ఎవరి పొలానికి వంతు, మంచు తక్కువ పడితే బార్లీ ఏమవుతుంది, కొడుకు ఏ రెజిమెంట్లో ఉన్నాడు ఇవన్నీ బయటికొస్తాయి. అందుకే బుక్ చేసేటప్పుడు గైడ్‌ది ఏ ఊరు అని తప్పకుండా అడగండి, షామ్ వైపువాడే దొరికితే సగం ఇళ్లు వాళ్ల చుట్టాలవే అయ్యుంటాయి. చివరి ఊరు తెమిస్‌గామ్‌లో 1684లో లదాఖ్‌కీ టిబెట్‌కీ సంధి కుదిరింది, పాత కోట, గొంపా (బౌద్ధ మఠం) ఉన్నాయి, అవి సరే, ఆగస్టులో వెళ్తే అసలు చూడాల్సింది మిద్దెల మీద ఆరబోసిన ఆప్రికాట్లు. హైదరాబాదీ పెళ్లిలో ఖుబానీ కా మీఠా రెండోసారి వడ్డించుకునేవాళ్లకి ఇది వేరే చెప్పక్కర్లేదు. ఇంకోటి, జులై ఆగస్టుల్లో మిగతా హిమాలయాల్లో చాలాచోట్ల వానలు, కొండచరియలు, జలగలు. లదాఖ్ వానలకి వెనకపక్క పడిపోయింది కాబట్టి ఆ రెండు నెలలూ అక్కడ సీజనే.

నేపాల్‌లో ఘాంద్రుక్ ఊరు, సూర్యోదయం చూసే పూన్ హిల్ గుట్ట గురించి కూడా చాలామంది అడుగుతున్నారు, విదేశం వెళ్లొచ్చినట్టూ ఉంటుంది, వీసా అక్కర్లేదు. విమానంలో వెళ్తే పాస్‌పోర్టో ఓటర్ కార్డో ఉండాలి, ఆధార్ చూపించి ఎయిర్‌పోర్టులో ఇరుక్కోకండి. అన్నపూర్ణ పర్మిట్ మనతో సహా సార్క్ దేశాలవాళ్లకి 1,000 నేపాలీ రూపాయలు, మిగతా విదేశీయులకి 3,000. గైడ్ తప్పనిసరి అని 2023 ఏప్రిల్‌లో రూల్ తెచ్చారు. వ్యూ విషయంలో మిగతావాటికి దీనితో పోటీ లేదు, అన్నపూర్ణ సౌత్ 7,219, పక్కన చేప తోక లాంటి మచ్ఛపుచ్ఛ్రే 6,993, ఘాంద్రుక్ వీధిలోంచే మీదకొచ్చి పడుతున్నట్టు కనపడతాయి. మార్చి ఏప్రిల్‌లో లాలీగురాస్ (రోడోడెండ్రాన్) పూసి అడవంతా ఎరుపే. మెట్లు మాత్రం వేలల్లో ఉంటాయి, ఉల్లేరీ మెట్లు ఎక్కేటప్పుడు ఊపిరి, దిగేటప్పుడు మోకాళ్లు. ఘాంద్రుక్ గురుంగ్‌ల ఊరు, రాతి ఇళ్లు, చాలా ఇళ్లలో గూర్ఖా సైన్యంలో చేసినవాళ్లుంటారు. కానీ మనం ఉండేది లాడ్జి, మెనూ కార్డు ఉంటుంది, ఎక్కడికెళ్లినా అదే పిజ్జా అదే పాస్తా అదే దాల్ భాత్, పొద్దున్నే పూన్ హిల్ మీద తిరణాల జనం. సౌకర్యం కావాలి, మంచు కొండ దగ్గర్నుంచి కావాలి అంటే ఇదే వెళ్లండి, బాధపడరు. ప్రశాంతత అడిగారు కదా, అక్కడ మార్కులు పోతాయి.

అమ్మానాన్నలు కూడా వస్తారు, ఒకరికి బీపీ అన్నారనుకోండి, ఇందాక చెప్పింది పక్కన పెట్టేసి బిన్సర్ వెళ్లండి. ఇదీ ఉత్తరాఖండే, కుమావ్ ప్రాంతం, కాఠ్‌గోదాం దాకా రైలు, అక్కణ్నుంచి అల్మోరా మీదుగా కారు. అంతా 2,500 మీటర్ల లోపే కాబట్టి ఎత్తు భయం లేదు. అభయారణ్యం లోపల దలార్, రిసాల్, గోనాప్ లాంటి బుల్లి ఊళ్లున్నాయి, కొన్నిటిలో గెస్ట్‌హౌస్‌లు ఊరివాళ్లే కమిటీగా నడుపుతారు, ఊళ్లోవాళ్లే గైడ్లు, ఓక్, బురాన్ష్ (ఇదీ రోడోడెండ్రానే) అడవుల్లో నీడలో నడక, తెరిపిగా ఉన్న పొద్దున త్రిశూల్, నందాదేవి వరసగా కనపడతాయి. పెద్దవాళ్లకి భోజనం బెంగ కూడా ఉండదు, గహత్ దాల్ అంటే మన ఉలవలే, మడువా రొట్టె అంటే మన రాగి రొట్టే. ఇళ్లు ఖాళీ చేసి పట్నం పోయినవాళ్లు ఎక్కువ, కొన్ని ఊళ్లలో మనుషులకంటే తాళాలే ఎక్కువ కనపడతాయి, అందుకే లదాఖ్ ఇంట్లో ఉండే సందడి ఇక్కడ ఉండదు. మే, జూన్‌లో అడవి మంటల సీజన్, 2024 జూన్‌లో బిన్సర్ మంటల్లో అటవీ సిబ్బంది ప్రాణాలు పోయాయి కూడా, అందుకని అక్టోబర్, నవంబర్ చూసుకోండి.

డార్జిలింగ్ వైపు ఉన్న సందక్‌ఫూ అడిగారు ఒకరిద్దరు. కాంచన్‌జంగా కోసం వెళ్లండి, ఊళ్ల కోసం వద్దు, జీపులు పై దాకా పోతాయి.

షామ్‌కే ఫిక్స్ అయితే రెండు చిన్న సంగతులు. మన ప్రీపెయిడ్ సిమ్ లదాఖ్‌లో పనిచేయదు, పోస్ట్‌పెయిడ్ ఉండాలి, అదీ ఊళ్లలో అంతంతే, ఇంట్లోవాళ్లకి ముందే చెప్పి వెళ్లండి. డబ్బులు లేహ్ ఏటీఎంలోనే తీసుకుని చిల్లరగా పెట్టుకోండి, హోమ్‌స్టే డబ్బు ప్యాకేజీలో కలిసుంటే అందులో ఇంటివాళ్లకి ఎంత చేరుతుందో బుక్ చేసేటప్పుడే అడగండి. నీళ్లు నమిలితే వేరే ఆపరేటర్ని చూసుకోండి, లేహ్ బజార్లో వాళ్లకేం కొదవలేదు.