విజయవాడలో గేమింగ్ పీసీ కొంటున్నారా? ‘డిస్టర్బెన్స్ లేని సెటప్’ అని అదనంగా డబ్బు అడిగితే జాగ్రత్త

గవర్నర్‌పేట, ఏలూరు రోడ్డు వైపు షాపులు తిరిగి అసెంబుల్డ్ గేమింగ్ సిస్టమ్ కొందామనుకుంటున్న స్టూడెంట్స్, వాళ్ల అమ్మానాన్నలు డబ్బు కట్టేముందు ఇది చదవండి. పార్టుల గురించి కాదు. ప్రాసెసర్, ర్యామ్, గ్రాఫిక్స్ కార్డు మాకు చెప్పినవే ఇచ్చారు. తేడా అంతా బిల్లు చివర కలిపిన ఒక్క లైనులో ఉంది: ‘ఓఎస్ + గేమింగ్ ఆప్టిమైజేషన్, 3,500’. గేమ్ ఆడుతుంటే మధ్యలో నోటిఫికేషన్లు, అప్‌డేట్లు, పాప్‌అప్‌లు ఏవీ రాకుండా చేసిస్తామని మా తమ్ముడికి చెప్పి ఈ డబ్బు తీసుకున్నారు. చేసిందేమిటంటే క్రాక్ విండోస్ (లైసెన్స్ కొనకుండా దొడ్డిదారిన నడిపేది) ఎక్కించి, అందులో ఉన్న రక్షణ మొత్తం ఆపేసి ఇంటికి పంపారు.

షాపు పేరు రాయడం లేదు. ఆ తర్వాత వేరే చోట విచారిస్తే అక్కడా ఇదే ప్యాకేజీ చెప్పారు. అందుకే పేరు కన్నా పద్ధతి గుర్తుపట్టడం ముఖ్యం.

తమ్ముడు వాలరెంట్ అనే ఆన్‌లైన్ షూటింగ్ గేమ్ ఆడతాడు. సిస్టమ్ వచ్చిన మొదటి వారం బాగానే ఉంది. తర్వాత గేమ్ మధ్యలో ఉన్నట్టుండి నల్లటి కిటికీ ఒకటి తెరమీద మెరిసి మాయమవడం మొదలైంది. అందులో ఏం రాసుందో చదివే టైము కూడా ఉండదు. కానీ ఆ రెప్పపాటులో గేమ్ కిందికి మినిమైజ్ అయిపోయి డెస్క్‌టాప్ వస్తుంది. మళ్లీ గేమ్‌లోకి వెళ్లేసరికి రౌండ్ పోతుంది. టీమ్‌లో ఉన్నవాళ్లు తిట్టుకుంటారు. వాడు షాపుకి ఫోన్ చేస్తే, ‘తమ్ముడూ, నువ్వేదో అప్‌డేట్ ఆన్ చేసుంటావు, తీసుకురా, మళ్లీ ఆప్టిమైజ్ చేద్దాం, కొంచెం చార్జీ అవుద్ది’ అన్నారు. అప్‌డేట్ ఆన్ చేసే వీలే లేకుండా చేసింది వాళ్లేనని అప్పటికి మాకు తెలీదు.

ఆ నల్ల కిటికీ ఎక్కడిదో ఎలా పట్టుకున్నామో కాస్త వివరంగా చెబుతాను, ఎందుకంటే మీ ఇంట్లో సిస్టమ్‌కీ ఇదే పని చేయొచ్చు. అది మెరిసినప్పుడల్లా ఆ టైముని తన రికార్డు పుస్తకం వెనక పేజీలో రాయమని తమ్ముడికి చెప్పాను. తర్వాత స్టార్ట్ మెనూలో టాస్క్ షెడ్యూలర్ అని కొట్టి తెరిచాం. కంప్యూటర్ తనంతట తాను ఏ టైముకి ఏ పని చేయాలో ఆ జాబితా అంతా అక్కడ ఉంటుంది. అందులో ‘లాస్ట్ రన్ టైమ్’ అని ఒక వరస ఉంటుంది. పుస్తకంలో రాసుకున్న టైములతో నిమిషం తేడా లేకుండా కలిసిన టాస్క్ ఒకటే ఉంది. పేరు చూస్తే అచ్చం విండోస్ వాళ్లదే అనిపిస్తుంది. తెరిచి ‘యాక్షన్స్’ ట్యాబ్ చూస్తే, సీ డ్రైవ్‌లో ఎక్కడో ఒక ఫోల్డర్‌లో ఉన్న, వరసగా ఆదేశాలు రాసి పెట్టిన బ్యాచ్ ఫైల్‌ని నడిపిస్తోంది. అది విండోస్ క్రాక్ యాక్టివేషన్‌ని మాటిమాటికీ రెన్యూ చేసే ఫైలు.

ఈ క్రాక్ సంగతి తెలుసుకోవాలి. పెద్ద ఆఫీసుల కోసం మైక్రోసాఫ్ట్ కేఎంఎస్ అనే యాక్టివేషన్ పద్ధతి పెట్టింది. ఆఫీసులోని కంప్యూటర్లు తమ సొంత సర్వర్‌ని అడిగి యాక్టివేట్ అవుతాయి. ఆ యాక్టివేషన్ 180 రోజులే చెల్లుతుంది, అందుకే మళ్లీ మళ్లీ రెన్యూ కావాలి. క్రాక్ చేసేవాళ్లు అలాంటి సర్వర్ ఉన్నట్టు కంప్యూటర్‌ని నమ్మించి, రెన్యూ చేయడానికి ఇలా టాస్క్ ఒకటి పెట్టేస్తారు. మీ సిస్టమ్‌లో ఇది ఉందేమో చూడాలంటే విండోస్, ఆర్ కీలు కలిపి నొక్కండి. వచ్చిన పెట్టెలో ఇంగ్లిష్ అక్షరాల్లో ఎస్ ఎల్ ఎం జి ఆర్ అని కలిపి కొట్టి, ఒక ఖాళీ వదిలి, ముందుకు వాలే స్లాష్ పెట్టి, ఎక్స్ పి ఆర్ కొట్టి ఎంటర్ చేయండి. యాక్టివేషన్ ఫలానా తేదీకి ముగుస్తుందని వస్తే, ఇంట్లో వాడే సిస్టమ్‌కి అది ఒరిజినల్ లైసెన్స్ కాదు. ‘పర్మనెంట్లీ యాక్టివేటెడ్’ అని వచ్చినంత మాత్రాన ఒరిజినలే అని కూడా అనుకోవద్దు, దాన్నీ దొడ్డిదారిన తెచ్చే పద్ధతులున్నాయి. లైసెన్స్ కీకి బిల్లు ఉందా లేదా అన్నదే అసలు పరీక్ష.

నల్ల కిటికీ కనిపించిన ప్రతిసారీ క్రాకే కారణమని చెప్పను. 2017లో మైక్రోసాఫ్ట్ ఆఫీస్‌కి చెందిన ఒక టాస్క్ వల్లే చాలామందికి ఇలాగే కిటికీ మెరిసి మాయమయ్యేది, దాన్ని వాళ్లే సరిచేశారు. అందుకే టాస్క్ తెరిచి, ఏ ఫైలు నడుస్తోందో చూశాకే ఒక నిర్ణయానికి రండి.

ఆ నల్ల కిటికీ కన్నా నాకు ఎక్కువ భయం వేసింది విండోస్ సెక్యూరిటీ తెరిచినప్పుడు. డిఫెండర్ (విండోస్‌తోనే వచ్చే యాంటీవైరస్) రియల్‌టైమ్ ప్రొటెక్షన్ ఆఫ్‌లో ఉంది. ‘ఎక్స్‌క్లూజన్స్’ అన్నచోట సీ డ్రైవ్ మొత్తం చేర్చి ఉంది, అంటే డిఫెండర్‌ని తిరిగి ఆన్ చేసినా ఆ డ్రైవ్‌లో దేన్నీ వెతకదు. విండోస్ అప్‌డేట్ పేజీలో ‘సమ్ సెట్టింగ్స్ ఆర్ మేనేజ్డ్ బై యువర్ ఆర్గనైజేషన్’ అని కనిపించింది. మా ఇంట్లో ఏ ఆర్గనైజేషన్ ఉంది? ఏదైనా ప్రోగ్రామ్ సిస్టమ్‌లో మార్పులు చేయబోతే తెర మసకబారి ‘ఎస్, నో’ అని అడుగుతుంది కదా, ఆ హెచ్చరికని కూడా ‘నెవర్ నోటిఫై’కి దించేశారు. వీటి మీద ‘గేమ్ బూస్టర్’ అని ఒక సాఫ్ట్‌వేర్ కూడా ఎక్కించారు. ప్రో వెర్షన్ కొనమని అదే మధ్యమధ్యలో పాప్‌అప్ ఇస్తోంది. అరుస్తోందని కాపలా కుక్కని తరిమేసి, గేటు బార్లా తీసి పెట్టినట్టుంది వాళ్లు చేసిన పని.

ఇంట్లో గేమింగ్ పీసీ అంటే ఒక్క గేమ్‌కే కాదు కదా. అమ్మ దాంట్లోనే కరెంటు బిల్లు కడుతుంది, నాన్న నెట్‌బ్యాంకింగ్ తెరుస్తారు, వాడి కాలేజీ ఫీజు దాంట్లోనే కడతాం. బ్రౌజర్‌లో దాచుకున్న పాస్‌వర్డ్‌లు, స్టీమ్ (గేములు కొనే యాప్), ఈమెయిల్ లాగిన్లు ఎత్తుకుపోయే వైరస్‌లు క్రాకుల వెంట, చీట్ ఫైళ్ల వెంట రావడం మామూలు. డిఫెండర్ ఆపేసిన సిస్టమ్‌లో అలాంటిది చేరితే ఇంట్లో ఎవరికీ తెలియదు.

ఇక్కడ అందరికీ గట్టిగా చెప్పాలనుకునేది ఏమిటంటే, గేమ్ మధ్యలో వచ్చే అంతరాయాలను ఆపే ఏర్పాట్లన్నీ విండోస్‌లోనే ఉన్నాయి. రూపాయి ఖర్చు లేదు. రక్షణ దేన్నీ ఆపాల్సిన పని లేదు.

నోటిఫికేషన్ల సంగతి మొదట. విండోస్ 11లో సెట్టింగ్స్, సిస్టమ్, నోటిఫికేషన్స్‌కి వెళ్తే ‘టర్న్ ఆన్ డు నాట్ డిస్టర్బ్ ఆటోమేటికల్లీ’ అని ఉంటుంది. అందులో ‘వెన్ ప్లేయింగ్ ఎ గేమ్’, దాంతోపాటు ఫుల్‌స్క్రీన్ యాప్ వాడుతున్నప్పుడు అన్నదానికి టిక్ పెట్టండి. గేమ్ మూసేయగానే నోటిఫికేషన్లు మళ్లీ మామూలుగా వస్తాయి. విండోస్ 10లో ఇదే ‘ఫోకస్ అసిస్ట్’ పేరుతో ఉంటుంది. కానీ విండోస్ 10కి మామూలు సపోర్ట్ 2025 అక్టోబరు 14తో అయిపోయింది, కొత్త సిస్టమ్‌లో ఎవరైనా అది వేసిస్తామంటే వద్దనండి.

అప్‌డేట్ భయం కూడా అవసరం లేదు. సెట్టింగ్స్‌లో గేమింగ్ కింద గేమ్ మోడ్ ఆన్‌లో ఉంటే, గేమ్ నడుస్తున్నంతసేపూ డ్రైవర్ ఇన్‌స్టలేషన్లని, రీస్టార్ట్ నోటిఫికేషన్లని విండోస్ ఆపి ఉంచుతుంది. విండోస్ అప్‌డేట్ అడ్వాన్స్‌డ్ ఆప్షన్స్‌లో ‘యాక్టివ్ అవర్స్’ రోజుకి 18 గంటల దాకా పెట్టుకోవచ్చు, ఆ గంటల్లో అదంతట అది రీస్టార్ట్ చేయదు. అప్‌డేట్ సర్వీసునే చంపేస్తామని షాపులో అంటే ఒప్పుకోవద్దు.

షిఫ్ట్ కీ వరసగా 5 సార్లు పడితే స్టికీ కీస్ పెట్టె వస్తుంది. కుడివైపు షిఫ్ట్‌ని 8 సెకన్లు పట్టుకుంటే ఫిల్టర్ కీస్ వస్తుంది. షిఫ్ట్‌తో పరిగెత్తే గేముల్లో ఇది పెద్ద తలనొప్పి. యాక్సెసిబిలిటీ, కీబోర్డ్ కింద ఆ రెండింటి ‘కీబోర్డ్ షార్ట్‌కట్’ ఆఫ్ చేస్తే చాలు. విండోస్ కీ పొరపాటున తగిలి గేమ్ కిందికి పోతుంటే, చాలా గేమింగ్ కీబోర్డుల్లో విన్ లాక్ ఉంటుంది, ముందు అది చూడండి. లేకపోతే మైక్రోసాఫ్ట్ ఉచితంగా ఇచ్చే పవర్‌టాయ్స్‌లో కీబోర్డ్ మేనేజర్‌తో ఆ కీని పనిచేయకుండా పెట్టుకోవచ్చు.

తెలుగు కీబోర్డు పెట్టుకున్నవాళ్లకి ఇంకొక ఇబ్బంది ఉంది, దీని గురించి షాపుల్లో ఎవరూ చెప్పరు. ఎడమ ఆల్ట్, షిఫ్ట్ కలిసి పడితే టైపింగ్ భాష మారిపోతుంది. గేమ్ చాట్‌లో ఉన్నట్టుండి తెలుగు అక్షరాలు పడతాయి, కొన్ని గేముల్లో నడిచే కీలు కూడా సరిగా పనిచేయవు. కీబోర్డు పాడైందని మార్చేసినవాళ్లు నాకు తెలుసు. టైమ్ అండ్ లాంగ్వేజ్, టైపింగ్, అడ్వాన్స్‌డ్ కీబోర్డ్ సెట్టింగ్స్, అక్కడ ‘ఇన్‌పుట్ లాంగ్వేజ్ హాట్ కీస్’. అందులో ‘చేంజ్ కీ సీక్వెన్స్’ నొక్కి ‘నాట్ అసైన్డ్’ పెట్టండి. భాష మార్చాలంటే విండోస్, స్పేస్‌బార్ ఎలాగూ ఉన్నాయి.

‘మీ కంప్యూటర్‌లో వైరస్ ఉంది’ అంటూ కుడి మూల నుంచి వచ్చేవి చాలావరకు బ్రౌజర్ నుంచే వస్తాయి. ఎప్పుడో ఏదో సైట్‌లో ‘అలౌ’ నొక్కి ఉంటారు. క్రోమ్‌లో ప్రైవసీ అండ్ సెక్యూరిటీ, సైట్ సెట్టింగ్స్, నోటిఫికేషన్స్‌లో తెలియని సైట్లన్నీ తీసేయండి. స్టీమ్, డిస్కార్డ్, గ్రాఫిక్స్ కార్డు కంపెనీల ఓవర్‌లేలు (గేమ్ మీద తేలుతూ కనిపించే పెట్టెలు) అడ్డొస్తే వాటిని ఆయా యాప్ సెట్టింగ్స్‌లోనే ఆపుకోవాలి.

సిస్టమ్ తెచ్చుకునేటప్పుడు లైసెన్స్ లేకపోతే, లైసెన్స్ లేని విండోస్‌గానే ఇమ్మని చెప్పడం నయం. తెర మూలన ‘యాక్టివేట్ విండోస్’ అని కనిపిస్తూ ఉంటుంది, కొన్ని సెట్టింగ్స్ మార్చనివ్వదు, అంతే. డబ్బు కూడాక కీ కొనుక్కోవచ్చు. బయాస్‌లో (విండోస్ కన్నా ముందు వచ్చే మదర్‌బోర్డు సెట్టింగ్స్‌లో) సెక్యూర్ బూట్, టీపీఎం 2.0 అనే రెండు రక్షణ ఏర్పాట్లు ఆన్‌లో ఉంచమని కూడా అడగండి. విండోస్ 11లో వాలరెంట్ ఆడాలంటే ఆ రెండూ ఉండాల్సిందే.

ఇప్పటికే ఇలాంటి సెటప్ చేయించుకుని ఉంటే, ఒక్కొక్కటీ వెతికి తీసే ప్రయత్నం చేయకండి. ఫొటోలు, డాక్యుమెంట్లు మాత్రం పెన్‌డ్రైవ్‌లోకి తీసుకోండి, ఇన్‌స్టాల్ ఫైళ్లు ఏవీ వద్దు. మైక్రోసాఫ్ట్ సొంత సైట్ నుంచి విండోస్ కొత్తగా ఎక్కించడానికి వాడే మీడియా క్రియేషన్ టూల్ దించుకుని, డిస్క్ మొత్తం తుడిచి కొత్తగా వేయండి. మేమూ అదే చేశాం, ఆ తర్వాత నల్ల కిటికీ మళ్లీ రాలేదు. పాస్‌వర్డ్‌లు మాత్రం ఆ సిస్టమ్‌లో కాకుండా ఫోన్ నుంచి మార్చండి, ముందు ఈమెయిల్, తర్వాత బ్యాంకు. డబ్బు పోయినట్టు కనిపిస్తే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి.

షాపుకి వెళ్లి అడిగితే నాతో అన్నమాట ఇది: ‘మేడం, అందరికీ ఇలాగే ఇస్తాం, ఎవరూ అడగలేదు’. డబ్బు వెనక్కి ఇచ్చేది లేదన్నారు. నేషనల్ కన్స్యూమర్ హెల్ప్‌లైన్ 1915లో ఫిర్యాదు పెట్టాం. అక్కడ తేలకపోతే జిల్లా వినియోగదారుల కమిషన్‌కి వెళ్లొచ్చు. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం మనం ఉండే ఊళ్లోనే కేసు వేసుకోవచ్చు, కట్టిన మొత్తం 5 లక్షల లోపైతే ఫీజు లేదు, గడువు రెండేళ్లు. అయితే దీనికంతటికీ చేతిలో బిల్లు ఉండాలి. కొటేషన్ చీటీ మీద మొత్తం రాసి ‘ఇదే బిల్లు’ అంటే తీసుకోవద్దు. జీఎస్టీ నంబరు, ప్రతి పార్టు సీరియల్ నంబరు, విండోస్‌కి విడిగా ఒక లైను, అది లైసెన్స్ ఉన్నదా లేనిదా అన్న మాట కూడా రాయించుకున్నాకే డబ్బు కట్టండి.