టామ్ అండ్ జెర్రీ: పాత ఏడు నిమిషాల బొమ్మలా, కొత్త సినిమానా? ఏది మేలు?

సెలవుల్లో ఇంటినిండా పిల్లలు చేరినప్పుడు, పెద్దవాళ్లు కూడా కూర్చుని చూసేదేదైనా పెట్టమంటే ముందు నోటికొచ్చే పేరు టామ్ అండ్ జెర్రీ. తిరకాసంతా ఆ తర్వాతే. 1940 నుంచి 1958 దాకా విలియం హన్నా, జోసెఫ్ బార్బెరా తీసిన పాత చిన్న సినిమాలు పెట్టాలా? నిజం మనుషుల మధ్య కార్టూన్ పిల్లీ ఎలుకా తిరిగేలా 2021లో టిమ్ స్టోరీ తీసిన పెద్ద సినిమా పెట్టాలా? మనుషులూ బొమ్మలూ ఒకే ఫ్రేములో కనిపించడమే ముచ్చట అనుకుంటే, ఆ పని అందరికంటే బాగా చేసిన 1988 నాటి ‘హూ ఫ్రేమ్డ్ రోజర్ రాబిట్’ ఎటూ ఉంది కదా!

నా ఓటు ఎటో ముందే చెబుతాను. పిల్లీ ఎలుకల కొట్లాట కావాలంటే పాత చిన్న సినిమాలే. మనిషీ బొమ్మా కలిసి నటిస్తే ఎంత దూరం పోవచ్చో చూడాలంటే రోజర్ రాబిట్. 2021 సినిమాది మూడో స్థానం. అలాగని దాన్ని కొట్టిపారేయలేను. అందులో మెచ్చుకోవాల్సినవి ఉన్నాయి, ఇంట్లో ఉన్న పిల్లల వయసును బట్టి అదే మొదటి స్థానానికి రావచ్చు కూడా.

మూడింటినీ పక్కపక్కన పెట్టి తూచడానికి ఒక మంచి వీలుంది. మూడింట్లోనూ పియానో ముందు కూర్చున్న జంతువు ఉంది.

మొదటిది ‘ది క్యాట్ కాన్సర్టో’. టామ్ కోటు తొడుక్కుని దర్జాగా వేదిక మీదకొచ్చి, ఫ్రాంజ్ లిస్ట్ రాసిన ‘రెండో హంగేరియన్ రాప్సొడీ’ అనే పియానో సంగీతం మొదలుపెడతాడు. పియానోలో మీట నొక్కితే లోపల ఫెల్టు చుట్టిన చిన్న సుత్తి లేచి తీగను కొడుతుంది. ఆ సుత్తుల మీద జెర్రీ నిద్రపోతుంటాడు. ఇక చూడండి. లోపల ఎగిరెగిరి పడి లేచిన జెర్రీ బయటికొచ్చి కయ్యం మొదలెడతాడు. టామ్ చితకబాదగలడు, కానీ కచేరీ ఆపడానికి లేదు. ఎదురుగా జనం ఉన్నారు. అందుకని ఒక్క స్వరం తప్పకుండా వాయిస్తూనే ఎలుకను పట్టుకోవాలి. చేతులు జెర్రీ వెంట పడితే కాలివేళ్లు పియానో వాయిస్తాయి. జెర్రీ మీటల మధ్య ఎలుకల బోను అమర్చి, టామ్ వేలు ఎప్పుడు దాని మీద పడుతుందా అని కాచుకుని కూర్చుంటాడు. ఆ వేలు బోనుకు అటూ ఇటూ పడుతుంటే చూసేవాళ్లకు ఊపిరాడదు. చివరికి సుత్తులు పట్టుకుని జెర్రీయే రాప్సొడీ ముగిస్తాడు. టామ్ చొక్కా పేలికలై పియానో మీద కూలబడితే, చప్పట్లు జెర్రీకి దక్కుతాయి. ఏడు నిమిషాల్లో ఒక్క మాట లేదు, ఒక్క క్షణం వృథా లేదు. దీనికి ఆస్కార్ వచ్చింది. హన్నా, బార్బెరాల టామ్ అండ్ జెర్రీ చిన్న సినిమాలు 114 ఉంటే, వాటిలో ఏడింటికి ఆస్కార్లు వచ్చాయి.

ఇదే రాప్సొడీతో, దాదాపు అదే రోజుల్లో వార్నర్ బ్రదర్స్ వాళ్లు తమ కార్టూన్ కుందేలు బగ్స్ బన్నీని పియానో ముందు కూర్చోబెట్టారు. మా ఆలోచన కాజేశారంటే మా ఆలోచన కాజేశారని టామ్ అండ్ జెర్రీ తీసిన స్టూడియో, వార్నర్ స్టూడియో తిట్టుకున్నాయి. ఆ గొడవ ఎప్పటికీ తేలలేదు.

రెండో పియానో రోజర్ రాబిట్‌లోది. అదీ లిస్ట్ రాప్సొడీయే. 1947 నాటి లాస్ ఏంజెలెస్‌లో, కార్టూన్లు పాడి ఆడే క్లబ్బులో, డిస్నీ వారి డోనాల్డ్ డక్, వార్నర్ వారి డాఫీ డక్ ఎదురెదురుగా రెండు పియానోల ముందు కూర్చుంటారు. నిజజీవితంలో పోటీ పడే రెండు కంపెనీల బాతులు ఒకే వేదిక మీద! ఒకరి పియానోను ఒకరు ధ్వంసం చేస్తూ వాయిస్తారు. మాటలతో తేలక డోనాల్డ్ ఏకంగా ఫిరంగి పేల్చేస్తాడు. ఈ దృశ్యం ఉండేది రెండు నిమిషాల లోపే. కానీ పక్కనే మామూలు మనుషులు బల్లల దగ్గర కూర్చుని మందు తాగుతున్నారు, పెంగ్విన్ బొమ్మలు వాళ్ల మధ్య ట్రేలు మోసుకుపోతున్నాయి. ఆ ట్రేలు, గ్లాసులు నిజమైనవి. చిత్రీకరణ నాడు యంత్రాలతో, కడ్డీలతో వాటిని గాల్లో కదిపారు. వాటి కింద పెంగ్విన్లను ఆ తర్వాత గీశారు.

మూడోది 2021 సినిమాలో. న్యూయార్క్ సెంట్రల్ పార్కులో టామ్ నల్ల కళ్లద్దాలు పెట్టుకుని, గుడ్డివాడిలా నటిస్తూ కీబోర్డు వాయిస్తుంటాడు. జెర్రీ మధ్యలో దూరతాడు, టామ్ బండారం బయటపడుతుంది, కొట్లాటలో కీబోర్డు తుక్కవుతుంది. నవ్వొస్తుంది, కాదనను. కానీ గమనించండి: కొట్లాట మొదలవగానే సంగీతం అయిపోయింది. పాత దాంట్లో సంగీతం ఆగకూడదన్న కట్టడి ఉంది, హాస్యమంతా ఆ కట్టడి లోంచే పుట్టింది. ఇక్కడ ఆ కట్టడి లేదు. విరగ్గొట్టేస్తే పనైపోయింది. సినిమా పొడుగునా ఉన్న లోటు నాకు ఈ ఒక్క దృశ్యంలోనే కనిపిస్తుంది.

2021 సినిమా కథ చూద్దాం. కేలా అనే అమ్మాయి, క్లోయీ గ్రేస్ మోరెట్జ్ వేసింది, అబద్ధాలాడి రాయల్ గేట్ అనే పెద్ద హోటల్లో ఉద్యోగం సంపాదిస్తుంది. అదే హోటల్లో ప్రీతా, బెన్‌ల ఆడంబరమైన పెళ్లి. అదే హోటల్లో జెర్రీ కాపురం పెడతాడు. ఎలుకను పట్టమని కేలా టామ్‌ను కొలువులో పెడుతుంది. ఈ దినుసులతో బ్రహ్మాండంగా నవ్వించవచ్చు. కానీ సినిమా ఎక్కువసేపు కేలా ఉద్యోగం ఉంటుందా ఊడుతుందా, ప్రీతా బెన్‌ల మధ్య మనస్పర్థ తీరుతుందా అన్న దాని చుట్టూ తిరుగుతుంది. పిల్లలతో కూర్చుని చూస్తే ఎక్కడ పట్టు తప్పిందో చప్పున తెలుస్తుంది. తెర మీద పిల్లీ ఎలుకా లేని ప్రతిసారీ వాళ్లు దిండ్లతో ఆడుకోవడం మొదలెడతారు, టామ్ అరుపు వినపడగానే మళ్లీ తల తిప్పుతారు.

ఆ అరుపు అసలుదే. టామ్, జెర్రీల గొంతులకు ఎక్కువగా విలియం హన్నా పాత రికార్డింగులనే వాడారు. ఇద్దరి చేతా మాట్లాడించకుండా ఉంచడం కూడా నాకు నచ్చింది. 1992లో వచ్చిన పూర్తి నిడివి కార్టూన్ సినిమాలో వాళ్లిద్దరూ మాట్లాడారు, పాటలు కూడా పాడారు, స్నేహితులైపోయారు. మాటొచ్చిన టామ్‌ను చూస్తే నాకు వేరే పిల్లిలా ఉంటాడు. ఆ తప్పు ఇందులో జరగలేదు.

ఇంకో మంచి నిర్ణయం: ఈ సినిమాలో జంతువు అనేది ఏదైనా సరే కార్టూనే. పావురాలు, కుక్క, పెళ్లికి తెచ్చిన ఏనుగులు, నెమలి, పులి, అన్నీ గీసిన బొమ్మల్లాగే కనిపిస్తాయి. అందుకే మనుషులెవరూ టామ్‌ను చూసి నోరెళ్లబెట్టరు. ఈ లోకంలో పిల్లులు ఇలాగే ఉంటాయంతే. వివరణ చెప్పే బాధ తప్పింది. అన్నీ కంప్యూటర్లో చేసినవే అయినా బొచ్చు, మెరుపు పెట్టకుండా చేత్తో గీసిన చదునైన బొమ్మలా ఉంచారు. కార్టూన్ జంతువులకు బొచ్చు మొలిపించి పాడు చేసిన సినిమాలు చాలా చూశాం కాబట్టి దీని విలువ తెలుస్తుంది.

పెళ్లి సంగతి మాత్రం మనవాళ్లకు కాస్త ఎబ్బెట్టుగా ఉంటుంది. ప్రీతాగా వేసిన పల్లవీ శారదా భారతీయ మూలాలున్న ఆస్ట్రేలియా నటి. కథలో ఆమె సింపుల్‌గా చేసుకుందామంటుంది, పెళ్లికొడుకు బెన్ మాత్రం మామగారి మెప్పు కోసం ఏనుగుల దాకా వెళ్తాడు. ఆ ఆలోచన బాగుంది. కానీ తెర మీద మన పెళ్లి అంటే ఏనుగులూ నెమలీ పులీ మాత్రమే. మన పెళ్లిళ్లలో నవ్వు పుట్టించేవి అవేనా? వియ్యాలవారి అలకలు, వంటవాళ్ల హడావుడి, ఉంగరం కోసం బిందెలో చేతుల పెనుగులాట, ఇన్నుండగా వాటి మధ్య ఒక ఎలుకను వదిలి చూడాల్సింది! ఈ సినిమా 2021 ఫిబ్రవరిలో తెలుగు మాటలతో కూడా మన థియేటర్లకొచ్చింది. డైలాగులు ఎక్కువగా మనుషులవే కాబట్టి చిన్నపిల్లలకు ఆ డబ్బింగ్ బాగా పనికొస్తుంది.

ఇప్పుడు అసలు కొలత: బొమ్మ మనిషిని తాకితే మనం నమ్ముతామా? ఇక్కడ రోజర్ రాబిట్‌కు సాటి లేదు. డిటెక్టివ్ ఎడ్డీ వేలియంట్, అంటే బాబ్ హాస్కిన్స్, రోజర్ అనే కార్టూన్ కుందేలుతో కలిపి సంకెళ్లలో ఇరుక్కుంటాడు. చీకటి గదిలో సంకెళ్లు కోస్తుండగా పైన వేలాడే దీపానికి తల తగిలి దీపం ఊగుతుంది. దీపం ఊగితే గదిలో నీడలన్నీ ఊగుతాయి. అంటే గీసిన కుందేలు మీద వెలుగూ నీడా కూడా ప్రతి ఫ్రేములో మారాలి. దీపాన్ని కదల్చకుండా వదిలేస్తే ఎవరూ అడిగేవారు కాదు. ఆ కష్టం కావాలనే తలకెత్తుకున్నారు దర్శకుడు రాబర్ట్ జెమెకిస్, యానిమేషన్ దర్శకుడు రిచర్డ్ విలియమ్స్. అదంతా చేత్తో గీసినదే. షూటింగ్‌లో హాస్కిన్స్ ఎదురుగా కుందేలు లేదు, ఖాళీ జాగా ఉంది. ఆ ఖాళీని గొంతు పట్టుకుని నీళ్లలో ముంచుతున్నట్టు ఆయన చేసిన నటన చూస్తే చేతులెత్తి దండం పెట్టాలనిపిస్తుంది.

2021 సినిమాలో టామ్, జెర్రీ కలబడి సుడిగాలిలా తిరిగి హోటల్ గదిని నేలమట్టం చేసే చోట అలాంటి నమ్మకం కాస్త కలుగుతుంది. అక్కడ సామాన్లు విరుగుతాయి, బరువు తెలుస్తుంది. అలాంటివి ఇంకా ఉండాల్సింది.

నిజానికి జెర్రీ మనుషుల మధ్యకు రావడం కొత్త కాదు. 1945లో ‘యాంకర్స్ అవే’ సినిమాలో హాలీవుడ్ నటుడు, నర్తకుడు జీన్ కెల్లీతో జెర్రీ కలిసి నాట్యం చేశాడు. ముందు మిక్కీ మౌస్ కావాలనుకున్నారు, డిస్నీ ఒప్పుకోలేదు, ఆ అవకాశం జెర్రీకి దక్కింది. కెల్లీ ఒంటరిగా ఆడితే చిత్రీకరించి, తర్వాత అడుగు అడుగుకూ సరిపోయేలా ఎలుకను గీశారు. నున్నటి గచ్చు మీద కెల్లీ ప్రతిబింబం పడుతుంటే జెర్రీ ప్రతిబింబం లేకపోవడం వెలితిగా కనిపించిందట, అది కూడా గీసి చేర్చారు. ఉండేది కొద్ది నిమిషాలే. అయినా 2021 సినిమా మొత్తంలో మనిషికీ ఎలుకకూ మధ్య ఇంత చనువు కనిపించే చోటు ఒక్కటీ లేదు.

వయసు సంగతి మరిచిపోవద్దు. రోజర్ రాబిట్ పదేళ్లలోపు పిల్లలకు వద్దు. తాగుడు, హత్య, సిగార్ కాల్చే పసిబిడ్డ అటుంచి, అందులోని విలన్ జడ్జి డూమ్ ఒక అమాయకపు బూటు బొమ్మను ద్రావకంలో ముంచి కరిగించే దృశ్యం ఒక్కటి చాలు చిన్నపిల్లలు రాత్రి నిద్రలో ఉలిక్కిపడ్డానికి. పాత టామ్ అండ్ జెర్రీలనూ కళ్లు మూసుకుని పెట్టకూడదు. నల్లజాతి పనిమనిషి పాత్రను, బాంబు పేలాక మొహం నల్లబడే హాస్యాన్ని ఆనాటి అమెరికా జాతి వివక్ష దృష్టితో గీశారు. టీవీ కోసం 1960ల్లో కొన్నింటిలో ఆ పనిమనిషి స్థానంలో వేరే ఆమెను గీసి, వేరే గొంతు పెట్టారు కూడా. పెద్దవాళ్లు ముందొకసారి చూసి ఎంచుకోవాలి. ఈ విషయంలో 2021 సినిమా పూర్తిగా నిశ్చింత. అయిదేళ్ల పాప నుంచి అమ్మమ్మ దాకా అందరూ ఉన్న గదిలో, రిమోట్ చేతిలో పట్టుకుని కాపలా కాయకుండా చూడాలంటే మూడింట్లో అదే మేలు.

మా ఇంట్లో పిల్లలకైతే ఈ వరసలో పెడతాను. ముందు ‘ది క్యాట్ కాన్సర్టో’, సౌండు బాగా పెంచి. వెంటనే 1953 నాటి ‘జోహాన్ మౌస్’, అందులోనూ టామ్ పియానో వాయిస్తాడు, స్ట్రాస్ రాసిన వాల్ట్‌జ్ నాట్య సంగీతం వినిపిస్తే జెర్రీ నాట్యం చేయకుండా ఉండలేడు. తర్వాత కెల్లీతో జెర్రీ నాట్యం. అప్పటికీ ఇంకా కావాలని అడిగితే తెలుగు మాటలతో 2021 సినిమా. రోజర్ రాబిట్‌ను మాత్రం పెద్దపిల్లల కోసం పక్కన పెడతాను, చిన్నవాళ్లు పడుకున్నాక.