మూల ప్లాటులో పదమూడేళ్లు

ప్లాటు కొన్నప్పుడు మా చేతిలో పెట్టిన రంగురంగుల పుస్తకం ఇప్పటికీ బీరువాలో ఉంది. అందులో రాసినవాటిలో ఏది వచ్చింది, ఏది రాలేదు అని పదమూడేళ్లుగా పక్కన గుర్తులు పెడుతూ వచ్చాను. ఈత కొలను రాలేదు, దానికి నాకేమీ బాధ లేదు. వీధి దీపాలు వచ్చాయి, రెండేళ్లు ఆలస్యంగా. గ్రంథాలయం అని వేసిన చోట కాపలాదారు గది వెలిసింది. అయితే నన్ను నిజంగా ఇబ్బంది పెట్టినవీ, నిజంగా సుఖపెట్టినవీ ఆ పుస్తకంలో ఒక్క పేజీలోనూ లేవు. అందుకే ఇది రాస్తున్నాను.

మాది మహానగరం అంచున, అంతకుముందు సాగులో ఉన్న నేలలో వేసిన లేఅవుట్. సుమారు పది హెక్టార్లు, రెండు వందల పైచిలుకు ప్లాట్లు. మేం ఇల్లు కట్టుకుని వచ్చేనాటికి పది పన్నెండు ఇళ్లే ఉండేవి. రాత్రి దూరంగా ఒక కిటికీ వెలిగితే అది ఎవరిదో చెప్పగలిగేవాళ్లం. మాకు దక్కింది మూల ప్లాటు, రెండు వైపులా రోడ్డు. అమ్మినాయన ఆ సంగతి గొప్పగా చెప్పాడు, ధర కూడా అందుకు తగ్గట్టే కట్టాడు. చెప్పనిది ఒక్కటే. లేఅవుట్ మొత్తానికీ పల్లం ఆ మూలే.

నీరు పల్లమెరుగు అని చిన్నప్పటినుంచి వింటున్నదే. కాని మండుటెండలో ప్లాటు చూడటానికి వెళ్లినవాడికి పల్లం కనబడదు. మట్టి పోసి చదును చేసిన నేల పరుపు పరిచినట్టు ఉంటుంది. లెక్క మాత్రం కష్టమైనది కాదు. ఒక మిల్లీమీటరు వాన పడిందంటే చదరపు మీటరుకు ఒక లీటరు నీరు. పది హెక్టార్ల మీద 50 మిల్లీమీటర్లు కురిస్తే 50 లక్షల లీటర్లు. పొలంగా ఉన్న రోజుల్లో అందులో చాలా భాగం నేలే తాగేది. ఇప్పుడు పైన డాబాలు, కింద కాంక్రీటు, వాటి మధ్య తారు. తాగే నేల తగ్గింది, పారే నీరు పెరిగింది, ఆ పారే నీళ్లన్నిటికీ చివరి మజిలీ మా గేటు.

మూడో ఏడు వానాకాలంలో ఒక రాత్రి స్నానాలగది జాలీలోంచి గుడగుడమని చప్పుడు వచ్చింది. లైటు వేసి చూస్తే జాలీ మీద నల్లటి బుడగలు. పది నిమిషాల్లో నీళ్లు గడప దాటాయి. బయట మ్యాన్‌హోల్ మూత తేలి పక్కకు జరిగింది. మా ఆవిడ పాత దుప్పట్లు చుట్టి గడపలకు అడ్డం పెడుతుంటే నేను బకెట్టుతో ఎత్తిపోస్తూ నిలబడ్డాను. ఎక్కడ పోయాలో తెలియక మళ్లీ అదే వీధిలో పోశాననేది తెల్లారాక గాని తట్టలేదు.

తప్పు మా ఇంటి పైపులదే అనుకుని మేస్త్రిని పిలిపించాను. ఆయన గొట్టాలు ముట్టుకోలేదు. సంచిలోంచి నీళ్లు నింపిన పారదర్శకమైన ట్యూబు తీశాడు. ఒక కొస నా చేతికిచ్చి కాలువ పక్కన నిలబెట్టాడు, రెండో కొస తాను పట్టుకుని ముందుకు నడిచాడు. ట్యూబు రెండు కొసల్లోనూ నీరు ఒకే మట్టంలో నిలుస్తుంది కదా, ట్యూబు పొడవున ఒక్కో మజిలీ దగ్గరా ఆ మట్టం చూసి సుద్దముక్కతో గీత, గీత నుంచి కాలువ అడుగుకు కొలత. అలా బయటి వాగు దాకా వెళ్లాం. "మీ ఇల్లు బాగానే ఉంది సార్, కాలువే ఎదురెక్కుతోంది" అన్నాడు. బయటికి పోవలసిన చోట కాలువ అడుగు మా మూల కంటే జానెడు మెరకగా ఉంది. రెండు వైపుల నుంచి రెండు ముఠాలు తవ్వుకుంటూ వచ్చి మధ్యలో కలిపారట. మొత్తం పని జరిగిన తీరు ఆ జానెడులో తెలిసిపోయింది.

మురుగు గొట్టాలది మరో కథ. గొట్టంలో నీరు సెకనుకు కనీసం 0.6 మీటర్ల వేగంతో పారితే గాని అడుగున మడ్డి పేరుకోకుండా ఉండదు. ఆ వేగం రావాలంటే వాలు ఉండాలి, నీరూ ఉండాలి. రెండు వందల ఇళ్ల కోసం వేసిన గొట్టంలో పన్నెండు ఇళ్ల నీళ్లు నత్తనడక నడిచాయి. లేఅవుట్ నిండక ముందే గొట్టం సగం పూడింది. కొత్త లేఅవుట్‌లో ముందుగా ఇల్లు కట్టుకున్నవాళ్లకు ఇది తప్పని తద్దినం. గాలి, వెలుతురు అంటూ మురిసిపోయేవాళ్లకు ఈ సంగతి ఎవరూ చెప్పరు.

గొట్టాలు వేశాక కందకాలు పూడ్చిన తీరు కూడా అంతే. మట్టిని 20, 30 సెంటీమీటర్ల పొరలుగా పోసి, ఒక్కో పొరా తడిపి దిమ్మిస కొట్టాలి. మా దగ్గర లారీ బోర్లించి పైన రోలరు తిప్పేశారు. రెండు వానలకు రోడ్డు మీద గొట్టం ఎక్కడెక్కడ పోతుందో గీత గీసినట్టు దిగబడింది. దాన్ని సరిచేయడానికి పాత తారు గీకకుండా పైన కొత్త పొర వేశారు. నాలుగేళ్లకు మరో పొర. రోడ్డు మీంచి మా వాకిట్లోకి ఒకప్పుడు మూడు మెట్లెక్కేవాళ్లం, ఇప్పుడు ఒక్క మెట్టే. మేం దిగలేదు, రోడ్డే ఎక్కింది.

ఆరో ఏట ప్లాట్ల యజమానుల సంఘం చందాలు వేసి కాలువ చివరి భాగం తవ్వించి మళ్లీ కట్టించింది. ఇంటి గొట్టానికి నీరు వెనక్కి రాకుండా ఆపే వాల్వు నేను సొంతంగా పెట్టించుకున్నాను. ఇప్పుడు పెద్ద వాన పడితే గంటలో వీధి తేరుకుంటుంది. అంతకుముందు ఒక రోజంతా పట్టేది. సంఘం సమావేశాల గురించి ఎక్కువ రాయను. కుక్కల మీద మూడు గంటలు, కాలువ మీద పావుగంట.

రోడ్ల విషయానికొస్తే, ఉన్నది ఒకటే గేటు. మా వీధి చివర గోడ. ఆ గోడకు అవతల బస్సు ఆగే చోటు మూడు వందల అడుగుల దూరం. గేటు చుట్టూ తిరిగి వెళ్తే ఇరవై నిమిషాల నడక. ఇలా దారి మూసిన వీధులు మరీ చెడ్డవని అనను. మా పిల్లలు ఆ వీధిలోనే సైకిలు నేర్చుకున్నారు, ఒక్క బండి అడ్డం రాలేదు. 1929లో అమెరికాలోని న్యూజెర్సీలో క్లారెన్స్ స్టీన్, హెన్రీ రైట్ అనే ఇద్దరు ప్రణాళికా నిపుణులు రూపొందించిన రాడ్‌బర్న్ అనే కాలనీలోనూ మూసిన వీధులే. కాని అక్కడ ఇళ్ల వెనక పార్కు గుండా నడక దారులు పెట్టారు, పెద్ద రోడ్డు దాటడానికి కింద నుంచి దారి వేశారు. కారుకు మూసిన దారి కాలికి తెరిచే ఉంది. మా లేఅవుట్ గీసినాయన మూసివేత ఒక్కటే నేర్చుకున్నాడు. ఆ గోడలో మనిషి పట్టేంత సందు కోసం తొమ్మిదేళ్లుగా అర్జీలు పెడుతున్నాం. దొంగలొస్తారని కొందరి అభ్యంతరం.

ఇళ్ల రూపం గురించి బెంగ అనవసరం. పుస్తకంలో అన్నీ ఒకే రంగు, ఒకే వరండా. ఇప్పుడు ఏ రెండు ఇళ్లూ ఒకలా లేవు. 1947కూ 1951కీ మధ్య న్యూయార్క్ శివారులో లెవిట్‌టౌన్ పేరిట పదిహేడు వేలకు పైగా ఇళ్లు ఒకే మూసలో పోసినట్టు కట్టారు. అవి కూడా యజమానుల చేతుల్లో పడి గుర్తుపట్టలేనంతగా మారిపోయాయి. చెట్లు మాత్రం బాగా ఎదిగాయి. కొన్నిటిని సరిగ్గా గొట్టం మీదే నాటారనుకోండి.

మళ్లీ కొంటారా అని అడిగితే, కొంటాను, ఇదే లేఅవుట్‌లో, మూడు వీధులు పైన. మూల ప్లాటు ఎవరైనా ఊరికే ఇచ్చినా ట్యూబు తీసుకెళ్లి చూశాకే మాట్లాడతాను.

పోయిన నెల గోడకు అవతల రెండో దశ పని మొదలైంది. సర్వే రాళ్లు పాతారు, లారీలతో మట్టి దింపుతున్నారు. మా గేటు స్తంభం మీద ఆ రాత్రి నీళ్లు ఎక్కడిదాకా వచ్చాయో మేకుతో గీసి పెట్టాను. నిన్న సాయంత్రం నిచ్చెన వేసుకుని గోడ మీంచి చూశాను. అవతల పోసిన మట్టి ఇప్పటికే ఆ గీతకు రెండడుగుల ఎత్తున ఉంది. మేస్త్రికి ఫోను చేశాను, ఆదివారం ట్యూబు తీసుకుని వస్తానన్నాడు.