హోవ్‌లో తొలినాటి హాస్య చిత్రాల జాడలు

బ్రిటన్‌లో మూకీ హాస్య చిత్రాలు తొలి అడుగులు వేసిన చోట్లలో ఒకటైన హోవ్‌ను చూడాలన్న చిరకాల కోరికతో, ఈ వేసవిలో మా అమ్మను వెంటబెట్టుకుని లండన్ విక్టోరియా స్టేషన్‌లో రైలెక్కి, గంట పైచిలుకు ప్రయాణం తరువాత ఆ సముద్రతీర పట్టణంలో దిగాను.

బస విషయంలో మాత్రం పొరపాటు చేశాను. కిటికీలోంచి సముద్రం కనిపిస్తుందన్న ఆశతో పక్కనున్న బ్రైటన్‌లో ఒక గెస్ట్‌హౌస్ తీసుకుంటే, లిఫ్టు లేని ఆ భవనంలో మూడో అంతస్తు దాకా పెట్టెలు మోయవలసి వచ్చింది; కింది గది ఇవ్వమని అమ్మ కోసం రెండుసార్లు అడిగినా వారు పట్టించుకోలేదు. చూడవలసినవి హోవ్‌లోనే ఉన్నాయి కనుక బస కూడా అక్కడే చూసుకోవడం మేలు.

న్యూ చర్చి రోడ్డులోని హోవ్ మ్యూజియంలో సినిమా విభాగం చిన్నదే అయినా, తొందరపడకుండా చూడదగినది. ఈ ఊళ్లో మందుల దుకాణం నడిపిన జేమ్స్ విలియమ్సన్ 1901లో తీసిన 'ది బిగ్ స్వాలో' నిడివి నిమిషం పైచిలుకే. తనను ఫొటో తీయవద్దని గదమాయిస్తూ ఒక పెద్దమనిషి ముందుకు నడిచి వస్తాడు. నోరు తెర నిండా పరుచుకుంటుంది. కెమెరాతో సహా ఫొటోగ్రాఫరును మింగేసి, నములుతూ తృప్తిగా వెనక్కి జరుగుతాడు. క్లోజప్‌తో ఇంతటి నవ్వు పుట్టించవచ్చని అంత తొలిరోజుల్లోనే గ్రహించిన ఆ మనిషి ప్రతిభకు నేను నిజంగా నమస్కరిస్తాను.

సెయింట్ ఆన్స్ వెల్ తోటకు ప్రవేశ రుసుము లేదు. 1892లో ఈ తోటను కౌలుకు తీసుకున్న తొలితరం చిత్ర దర్శకుడు జి.ఎ. స్మిత్ ఇక్కడే స్టూడియో కట్టుకున్నాడు. ఇప్పుడది పచ్చిక, చెట్లు, చిన్న కెఫే ఉన్న మామూలు పార్కు; కాబట్టి ఆయన చిత్రాలు ముందే చూసి వెళ్లకపోతే అక్కడ గుర్తుపట్టవలసినదేమీ కనిపించదు. మేము బల్లపై కూర్చుని 1903 నాటి 'మేరీ జేన్స్ మిస్‌హాప్'ను ఫోనులో వేసుకున్నాము. స్మిత్ భార్య లారా బేలీ పనిమనిషి వేషంలో, బూట్ల నలుపు మీసంలా అంటుకున్న ముఖంతో మనవైపు కన్ను గీటి, పొయ్యి అంటించడానికి కిరసనాయిలు డబ్బా అందుకోగానే, "అయ్యో, పొయ్యకు తల్లీ!" అని మా అమ్మ పైకే అనేసింది.